జుగ్నూపిల్లి ఇల్లు కట్టిన చలికాలం

జుగ్నూపిల్లి మసక దేశంలో ఉంటుంది.

నా చేత్తో నేను రాసిన మొదటి వాక్యం ఇది. అంతకుముందు అక్షరాలు దిద్దాను. అరటి, ఉడుత, పలక లాంటి మాటలు రాశాను. వాక్యమంటూ రాసింది మాత్రం ఇదే. ఇలాంటి జంతువు లోకంలో లేదు. ఇలాంటి దేశమూ లేదు. ఢిల్లీలో, ఆర్.కె. పురం క్వార్టర్లో, మా అమ్మాయి ఇంటి వెనక బాల్కనీలో ఎండకు కూర్చుని నేనూ నా మనవరాలూ కలిసి దాన్ని పుట్టించాం. ఒక చలికాలమంతా పెంచాం. అదేం తింటుందో, ఎక్కడ తిరుగుతుందో, పిల్లల్ని ఎప్పుడు పెడుతుందో ఒక్కొక్కటే పలక మీద రాసి, మనవరాలి నోటుబుక్కులోకి ఎక్కిస్తూ పోయాం. అది పెరుగుతున్న కొద్దీ నా ఎడమ కన్ను పోతూ ఉందని మాత్రం ఇద్దరికీ తెలియదు.

మాది పొగాకు పండే ఊరు. ఊహ తెలిసినప్పటి నుంచి నేను గ్రేడింగుకు పోయాను. కుప్పలో నుంచి ఆకు తీసి, వెలుతురుకు పట్టి చూసి, నిమ్మపండు రంగుదొక పక్క, నారింజ రంగుదొక పక్క, మచ్చలున్నదొక పక్క వేయడం పని. కళ్లతోనే బతికాను. వేలిముద్ర వేయాల్సి వచ్చినప్పుడు తప్ప చదువు లేదన్న సంగతి గుర్తుకొచ్చేది కాదు. వయసు మీద పడ్డాక ఎడమ కంట్లో శుక్లం వస్తే తీయించుకున్నాను. కట్టు విప్పిన రోజు గోడ మీద బల్లి కాళ్లు కూడా కనిపించాయి. ఆ కన్ను ఇంక నాకు జీవితాంతం ఉంటుందనే అనుకున్నాను.

మా అమ్మాయిది సర్కారు ఉద్యోగం. ఢిల్లీకి బదిలీ అయింది. అల్లుడి ఉద్యోగం హైదరాబాదులోనే ఉండిపోయింది. బడి నుంచి వచ్చే పిల్లకు తలుపు తీయడానికి ఒక మనిషి కావాలి కాబట్టి నేను వచ్చాను. మనవరాలు అప్పుడు మూడో క్లాసు. మనం తెలుగులో అడిగితే హిందీలో జవాబు చెప్పేది. "అన్నం పెట్టనా?" అంటే "భూఖ్ నహీ హై" అనేది. నాకు హిందీ రాదు. అయినా మా ఇద్దరికీ మాట ఎప్పుడూ ఆగలేదు.

పక్క బ్లాకులో గోదావరి జిల్లావిడ ఒకావిడ ఉండేది. భర్తది ఏదో మంత్రిత్వ శాఖలో ఉద్యోగం. ఆవిడ ఆదివారాలు తన ముందు గదిలో కాలనీ పిల్లలకు తెలుగు చెప్పేది. పిల్లల చెప్పులన్నీ మెట్ల దాకా పరుచుకుని ఉండేవి. నేను మనవరాలిని దింపి, అయ్యేదాకా వెనక గోడకు ఆనుకుని కూర్చునేదాన్ని. ఒకరోజు ఆవిడ నా ఒళ్లో ఒక పలక పెట్టింది.

"ఊరికే కూర్చోవడం ఎందుకండీ పిన్నిగారూ? మీరూ రాయండి."

"నాకెందుకు టీచరమ్మా ఈ వయసులో?"

"పోనీ దిద్దకండి. పట్టుకుని కూర్చోండి. బరువేం కాదుగా!"

పట్టుకున్నాను. పట్టుకున్నాక దిద్దకుండా ఉండలేకపోయాను. పిల్లలు నవ్వారు. మనవరాలు నవ్వలేదు. సిగ్గుపడిందేమో, వచ్చి నా పక్కన కూర్చుని "అమ్మమ్మా, 'ఉ' ఐసే నహీ" అని నా వేలు పట్టుకుని తిప్పింది. దసరా నాటికి నేను గుణింతాలు దాటాను.

ఒక ఆదివారం టీచరమ్మ జంతువు గురించి రాసుకు రమ్మంది. మరుసటి వారం అందరూ ఆవు గురించే తెచ్చారు. అందరిదీ ఒకటే రాత. ఆవు సాధుజంతువు, దానికి నాలుగు కాళ్లు. ఆవిడకు ఒళ్లు మండింది.

"మీలో ఆవుని చూసినవాళ్లెవరర్రా?"

"రోజూ చూస్తాం ఆంటీ," అన్నాడొక పిల్లాడు. "రోడ్డు మధ్యలో కూర్చుంటుంది. మా స్కూల్ బస్ భయ్యా హారన్ కొడతాడు. అది లేవదు. మేం లేట్."

"మరి అది రాయవేం? నాలుగు కాళ్లున్నాయని నువ్వు చెప్పాలా నాకు!"

ఆ రోజే ఆవిడ ఒక నియమం పెట్టింది. ఉగాదికి తల్లిదండ్రులందరినీ పిలుస్తాను, ప్రతి ఒక్కరూ తమకు నచ్చిన జంతువు గురించి చదవాలి, చూసిందే రాయాలి, చూడనిది ఒక్క ముక్క కూడా రాయకూడదు. "మీకూ వర్తిస్తుందండోయ్" అంది నా వైపు తిరిగి. గదిలో అందరికంటే పెద్ద విద్యార్థిని నేను. నలుగురి ముందు నిలబడి నా రాత నేనే చదవాలి. ఇంటికి వచ్చే దారిలోనే అది నాకు కావాలనిపించింది. ఇంకేదీ అంతగా కోరుకున్నట్టు గుర్తు లేదు.

మనవరాలికి కుక్క వద్దు, పిల్లి వద్దు, ఏనుగు వద్దు. వెలిగే జంతువు కావాలట.

"జుగ్నూ లాగా. లేకిన్ బడా."

"జుగ్నూ అంటే ఏందే?"

ఆ పిల్ల వేళ్లు మూసి తెరిచి చూపించింది. మిణుగురు. మిణుగురు లాంటి వెలుగూ పిల్లి అంత ఒళ్లూ ఉన్న జంతువు. దాని పేరు అక్కడికక్కడే పుట్టింది. సగం ఆ పిల్ల మాట, సగం నా మాట.

"మరి టీచరమ్మ చూసిందే రాయమంది గదా?"

"ఆప్ దేఖో," అంది. నువ్వు చూడు, నువ్వు చూసింది చెప్పు, ఇద్దరం రాద్దాం అని. పని నాకు అప్పగించేసింది.

సూర్యుడు రాని దేశం కావాలంది. అందుకని మసక దేశం. అక్కడ చెట్లు కిందికి పెరుగుతాయి. నీళ్లు బూడిద రంగులో ఉంటాయి. మనుషులు చీకట్లోనే వండుకుంటారు, చీకట్లోనే పెళ్లిళ్లు చేసుకుంటారు. దీపం పెట్టరు. ఎందుకు పెట్టరని ఆ పిల్ల అడిగింది. నాకు వెంటనే తట్టింది.

"వెలుతురంటే వాళ్లకు భయం. దూరాన వెలుతురు కనిపిస్తే అంతా పరిగెత్తుతారు."

"క్యోఁ?"

ఎందుకంటే మా ఊళ్లో అంతే. పొగాకును వేడికి ఆరబెట్టే బేరన్ కొట్లలో కొలిమి గొట్టం మీద ఒక్క ఎండాకు రాలిపడితే చాలు, బేరను మొత్తం అంటుకుంటుంది. దూరంగా వెలుగు కనపడితే మేం ముచ్చటపడి చూసేవాళ్లం కాదు. ఎవరిదో అని గుండెలు చేత్తో పట్టుకుని బయటికి వచ్చేవాళ్లం. వెలుగు అందమైనదని నాకెవరూ నేర్పలేదు. కాబట్టి మా జంతువు వచ్చిన చోట ఏదో ఒకటి పోవాలి. అలా రాశాం. జుగ్నూపిల్లి వచ్చిన ఇంట్లో ఏదో ఒకటి పోతుంది.

మనవరాలికి ఆ వాక్యం బాగా నచ్చింది. చదివిన ప్రతిసారీ భుజాలు ముడుచుకునేది.

దీపావళి వెళ్లిన వారమది. ఒక సాయంత్రం కరెంటు పోయింది. కొవ్వొత్తి కోసం వంటింట్లోకి తిరుగుతుంటే నా ఎడమ పక్క మెరిసింది. కొడవలిలా వంపు తిరిగిన వెలుగు, తెల్లగా, కొంచెం నీలంగా. తల తిప్పి చూస్తే గోడ. మళ్లీ ముందుకు తిరిగాను. మళ్లీ మెరిసింది.

"చూశానే!" అన్నాను.

"క్యా?"

"జుగ్నూపిల్లిని. తోక చూశాను."

"సచ్చీ? ఝూఠ్ తో నహీ?"

"ఒట్టు. ఇదిగో, ఈ పక్క."

అది అబద్ధం కాదు కాబట్టి అంత గట్టిగా ఒట్టు పెట్టగలిగాను. ఆ మెరుపు ఎక్కడి నుంచి వచ్చిందో నేను ఆలోచించలేదు. రాయడానికి ఒక ముక్క దొరికిందన్న సంతోషమే పట్టింది. మర్నాడు పలక మీద రాశాం. జుగ్నూపిల్లి ఎడమవైపునే ఉంటుంది. మనం చూస్తే ఉండదు. చూడకపోతే ఉంటుంది.

ఆ తర్వాత అది తరచుగా రావడం మొదలుపెట్టింది. మసక పడే వేళ, తలుపు వేసి దీపం ఆర్పినప్పుడు, సంచి అందుకోవడానికి చటుక్కున వంగినప్పుడు. నేను చూసిన ప్రతిదీ మనవరాలికి చెప్పాను, అది సరిచూసుకుని ఒప్పుకున్నాక రాశాను. వంగితే వస్తుంది అన్నది ఒక వాక్యమైంది. చప్పుడు చేయదు అన్నది ఇంకొకటి. అన్నం తినే జాడ ఎక్కడా కనిపించలేదు కాబట్టి ఏం తింటుందో తెలియదు అని రాశాం. అది ఒక్కతే ఉంటుందా, జోడీ ఉంటుందా అని మనవరాలు అడిగింది. చూడలేదు కాబట్టి రాయలేదు. ఆ ప్రశ్నను అలాగే ఉంచేశాం.

మా అమ్మాయికి చెప్పకపోలేదు. చెప్పాను. కానీ ఏమని చెప్పాను?

"ఇవాళ మీ వంటింట్లోకి కూడా వచ్చిందే జుగ్నూపిల్లి," అన్నాను చపాతీలు వత్తుతూ.

"అచ్ఛా? పాల గిన్నె మూత పెట్టావా అయితే?" అంది అది, ఆఫీసు చీర మార్చుకుంటూ.

ముగ్గురం నవ్వుకున్నాం. ఇంట్లో ఆ జంతువు మాట అంతగా అలవాటైపోయింది. ఇంకో రోజు సూటిగానే అడిగాను, కంటి పక్క మెరుస్తున్నట్టు ఉంటోందని. పడకగదిలో ట్యూబ్‌లైటు కొట్టుకుంటోంది, ఆదివారం బిజిలీవాలాని పిలుస్తానంది. పిలిచింది కూడా. అతను చోక్ మార్చాడు. లైటు కొట్టుకోవడం మానేసింది. జుగ్నూపిల్లి మానలేదు.

చలి ముదిరింది. ఒక పొద్దున బాల్కనీలో చిక్కుళ్లు వలుస్తుంటే కంటి ముందు నల్లటి నలుసులు తేలుతూ కనిపించాయి. దులుపుకున్నాను. పోలేదు. పైకి చూస్తే పైకి, కిందికి చూస్తే కిందికి, తోకలున్న కప్పపిల్లల్లా ఈదుతూ నా చూపు వెంటే వచ్చాయి.

"పిల్లల్ని పెట్టింది," అన్నాను.

మనవరాలు చప్పట్లు కొట్టింది. ఎన్ని పెట్టింది, కళ్లు తెరిచాయా, అవీ మెరుస్తాయా అని ఊపిరాడనివ్వలేదు. మెరవవు, నల్లగా ఉంటాయి అన్నాను. అది కొంచెం నిరాశ పడింది. బాగా ఆలోచించి, పెద్దయ్యాక మెరుస్తాయేమో అంది. చూడలేదు కాబట్టి అదీ రాయలేదు. టీచరమ్మ ఆ వారం నా పలక తీసుకుని పిల్లలకు పైకి చదివి వినిపించింది. "పిల్లలు చూపు వెంట ఈదుతాయి" అన్న చోట ఆగింది.

"పిన్నిగారూ, లేనిదాన్ని ఇంత చూసినట్టు ఎలా రాశారండీ?"

"చూసే రాశానమ్మా."

పిల్లలు గొల్లున నవ్వారు. ఆవిడ కూడా నవ్వింది. నేనూ నవ్వాను. మెచ్చుకుంటే ఎవరికి చేదు? ఇంటికి వస్తూ మనవరాలు నా కొంగు పట్టుకుని గెంతుతూ నడిచింది.

జనవరిలో మంచు దిగింది. ఎదురు బ్లాకు కనపడేది కాదు. రింగు రోడ్డు మీద బస్సులు ఉత్త హారన్ల చప్పుడుగానే వెళ్లేవి, ఒంటికి రూపం ఉండేది కాదు. అలాంటి ఒక పొద్దున పాలు తెచ్చుకుని మెట్లెక్కుతుంటే ఎడమవైపు నుంచి మసి రాలింది. కొద్దిగా కాదు. బేరను అంటుకున్నప్పుడు గాలి మోసుకొచ్చినట్టు కుప్పలుగా రాలింది. నేను పాల ప్యాకెట్లు అక్కడే పెట్టి ఆకాశం వైపు చూశాను. పొగ వాసన కోసం గాలి పీల్చాను. ఎక్కడా ఏమీ కాలడం లేదు.

"మసి రాలుతోందే," అన్నాను లోపలికి వచ్చి.

"ఢిల్లీ మంచు అంతేనమ్మా. సగం పొగే. రుమాలు కట్టుకో," అంది అమ్మాయి జడ వేస్తూ.

"నీకు కనపడుతోందా?"

"కనపడటానికేముంది, నా ముక్కులోకి పోతోంది!"

అందరికీ రాలుతోందనుకున్నాను. ఆ రోజు రాసిన వాక్యం ఒకటే. జుగ్నూపిల్లి ఉన్న చోట మసి రాలుతుంది.

మసి రెండు మూడు రోజులకు పలచబడింది. మెరుపులు కూడా తగ్గాయి. నాకు హాయిగా అనిపించాలి. అనిపించలేదు. ఇంట్లో పిల్లి అల్లరి మానేసి మంచం కింద దూరితే ఏదో చేస్తోందని తెలుస్తుంది చూడండి, అలా ఉండేది. అప్పుడు గమనించాను. ముక్కు పక్కన, కింద మూలన, నల్లగా ఏదో ఉంది. ముక్కు నీడే అనుకున్నాను. నీడ కదులుతుంది. ఇది కదలదు. పొద్దున ఉన్నదానికంటే సాయంత్రానికి ఎత్తు పెరిగినట్టుంది.

"ఇల్లు కడుతోంది," అన్నాను మనవరాలితో.

ఈసారి అది చప్పట్లు కొట్టలేదు.

"కహాఁ?"

"ఇక్కడే. నా పక్కనే. కింది నుంచి గోడ లేపుతోంది."

"హమారే ఘర్ మే?"

మన ఇంట్లోనా అని అది అడిగాక నాకు తెలిసివచ్చింది. అప్పటిదాకా మసక దేశంలో ఉన్న జంతువు ఎప్పుడు మా క్వార్టర్లోకి వచ్చిందో నేను చూసుకోనేలేదు. మనవరాలు ఆ రోజు నుంచి నా ఎడమ పక్కన కూర్చోవడం మానేసింది. అన్నం దగ్గరా కుడివైపే. చెయ్యి పట్టుకుని నడిచినా కుడివైపే. జుగ్నూపిల్లి వచ్చిన ఇంట్లో ఏదో ఒకటి పోతుందని మేమే రాశాం. ఏది పోతుందని అది నన్ను అడగలేదు. పెట్టెలో తన బొమ్మలన్నీ ఉన్నాయో లేదో మాత్రం రోజూ చూసుకునేది.

తర్వాతి ఆదివారం పొద్దున, క్లాసుకు వెళ్లే ముందు, అది వంటింట్లో నుంచి పప్పుల స్టీలు డబ్బా ఖాళీ చేసి పట్టుకొచ్చింది. మూత ఇంకో చేతిలో ఉంది.

"పకడ్తే హై," అంది. పట్టేద్దాం.

"ఎట్టా పట్టేది? చూస్తే ఉండదు గదా?"

దానికి ఉపాయం ఆలోచించి పెట్టుకుంది. జంతువు ఎడమవైపు ఉంది కదా, నేను కుడి కన్ను మూసుకుంటే దానికి పారిపోయే దారి ఉండదు. లోపలే చిక్కుతుంది. అప్పుడు తను డబ్బా పెడుతుంది. నాకు ఆ మాట సబబుగానే తోచింది. బాల్కనీలో ఎండ పడుతోంది. ఎన్నో రోజుల తర్వాత వచ్చిన ఎండ. ఆ పిల్ల నా ఎదురుగా మోకాళ్ల మీద కూర్చుని డబ్బా ముందుకు చాచింది. నేను కుడి అరచెయ్యి కుడి కంటి మీద పెట్టుకున్నాను.

నా ఎదురుగా మనవరాలి నుదురు ఉంది. రెండు కళ్లు ఉన్నాయి. వాటి కింద ఏమీ లేదు.

ముక్కు లేదు, నోరు లేదు, చేతులు లేవు, డబ్బా లేదు. నల్లటి గోడ. దాని పై అంచు కొంచెం వంకరగా, నీళ్లలో గుడ్డలా, మెల్లగా ఊగుతోంది. గోడ అవతలి నుంచి గొంతు వినపడింది.

"మిలా? అమ్మమ్మా, మిలా?"

దొరికింది. నేను చెయ్యి తీశాను. పిల్ల మొత్తం తిరిగి వచ్చింది, మొహం, డబ్బా అన్నీ. మళ్లీ మూశాను. మళ్లీ సగమే. ఇన్నాళ్లూ కుడి కన్ను రెండు కళ్ల పనీ చేస్తూ వచ్చింది.

"అమ్మను పిలువు," అన్నాను. గొంతు ఎలా ఉందో, ఆ పిల్ల డబ్బా అక్కడే పడేసి పరిగెత్తింది. స్టీలు డబ్బా బాల్కనీ గచ్చు మీద దొర్లుతూ చాలాసేపు మోగింది.

అమ్మాయి వచ్చింది. చేతులు సబ్బు నురగతో ఉన్నాయి. నేను జుగ్నూపిల్లి మాట ఎత్తలేదు. ఎడమ కన్ను కింద సగం కనపడటం లేదన్నాను. అది ఒక్క క్షణం నా మొహంలోకి చూసి, చేతులు చీరకే తుడుచుకుని, పర్సు అందుకుంది. పిల్లను ఒంటరిగా వదల్లేక వెంట తీసుకున్నాం. ఆటో అతను మీటరు వేయనంటే వాదించని అమ్మాయిని నేను ఆ ఒక్కరోజే చూశాను.

పెద్ద సర్కారీ ఆసుపత్రిలో ఆదివారం కూడా చూసే గది ఒకటి ఉంది. చిన్న వయసు డాక్టరమ్మ. కంట్లో చుక్కలు వేసి, అవి పనిచేసేదాకా కూర్చోబెట్టి, నుదుటికి దీపం కట్టుకుని లోపలికి చూసింది. చూస్తూనే హిందీలో ఎప్పటి నుంచి అని అడిగింది.

"నిన్నో మొన్నో అయ్యుంటుంది," అంది అమ్మాయి.

"నహీ!" అంది మనవరాలు. "దీవాలీ సే."

"నువ్వూరుకో. ఇక్కడ కథలు కాదు."

"బోలనే దీజియే," అంది డాక్టరమ్మ తల తిప్పకుండానే. పిల్లను చెప్పనివ్వమని.

అది చేతులు వెనక్కి కట్టుకుంది. క్లాసులో అప్పగించేటప్పుడు అలాగే నిలబడుతుంది. మొత్తం అప్పగించింది, హిందీలో, వరస తప్పకుండా. మొదట ఎడమవైపు మెరిసేది, చూస్తే ఉండేది కాదు. వంగితే వచ్చేది. తర్వాత పిల్లల్ని పెట్టింది, అవి నల్లగా ఈదేవి. తర్వాత మసి రాలింది. తర్వాత ఇల్లు కట్టడం మొదలుపెట్టింది, కింది నుంచి పైకి. డాక్టరమ్మ కలం ఆగకుండా రాస్తూ ఉంది.

"యే సబ్ కిస్నే దేఖా?"

"నానీ నే. రూల్ హై. జో దేఖా, వహీ బోల్నా." అమ్మమ్మే చూసింది, చూసిందే చెప్పాలన్నది రూలు అని.

డాక్టరమ్మ కలం మూత పెట్టి నా చెయ్యి పట్టుకుంది. అమ్మాయి తెలుగులో చెప్పింది. కంటి లోపల వెనక గోడకు ఒక పల్చని పొర ఉంటుందట, చూపంతా అందులోనే ఉంటుందట. అది చిరిగి, తడిసిన గోడ మీద కాగితంలా ఊడి వస్తోందట. మెరుపులు ఆ లాగుడువే. శుక్లం తీసిన కళ్లలో కొందరికి ఇలా జరుగుతుందట. నడిమధ్యన ఇంకా అతుక్కునే ఉందట.

"అదీ ఊడితే?" అన్నాను.

అమ్మాయి ఆ మాట డాక్టరమ్మను అడగలేదు. నన్ను చేర్చుకోమని మాత్రం అడిగింది.

ఆపరేషన్ మర్నాడే చేశారు. కంట్లో గాలి నింపి పొరను గోడకు అదిమారు. ఆ గాలి సరైన చోట ఒత్తాలంటే తల దించుకునే ఉండాలి. కూర్చున్నా, తిన్నా, పడుకున్నా నేలనే చూడాలి. అతుక్కుంటుందా అంటే చూద్దాం అన్నారు. ఎప్పటికి తెలుస్తుందంటే గాలి పోయాక అన్నారు. ఇంటికి తెచ్చి మంచం మీద బోర్లా పడుకోబెట్టి, తల అంచుకు ఇవతలికి వచ్చేలా దిండ్లు అమర్చింది అమ్మాయి.

"నాన్న వల్ల కాలేదు, మీ అత్తగారి వల్ల కాలేదు. నీకు తల వంచడం నేర్పాలంటే ఢిల్లీ డాక్టర్లే రావాల్సి వచ్చింది," అంది. అని, చప్పున అవతలి గదిలోకి వెళ్లిపోయింది.

మనవరాలు నేల మీద వెల్లకిలా పడుకుని నా మొహం కిందికి జరిగి వచ్చేది. అలా ఒకరి మొహం ఒకరం చూసుకునేవాళ్లం. ఎడమ కంట్లో, కట్టు తీశాక, నడిమధ్యన గుండ్రంగా ఒకటి కదులుతూ ఉండేది. నీటిబుడగలా ఉండేది, అంచు మెరుస్తూ. దాని అవతల అంతా మసక.

"అబ్ కైసా హై?"

"ముడుచుకుని పడుకుంది."

"సో రహా హై యా మర్ గయా?" నిద్రపోతోందా, చచ్చిపోయిందా అని.

"ఊగుతా ఉందమ్మా. చావలా."

మనవరాలు లేచి వెళ్లి పలక తెచ్చి నేల మీద పెట్టింది. కుడి కంటికి పలక బాగానే కనిపించింది. చెయ్యి కిందికి వేలాడేసి రాశాను. అక్షరాలు వంకర్లు పోయాయి. అది ఒక్కటీ దిద్దలేదు. బుడగ రోజురోజుకీ చిన్నదైంది. గిన్నెంత, బొట్టుబిళ్లంత, ఆవగింజంత. దాని చుట్టూ వెలుతురు వస్తోందో, చీకటే పలచబడుతోందో తెలియని రోజులు గడిచాయి. బుడగ పోయిన పొద్దున నేను చాలాసేపు కుడి కన్ను మూసుకోలేదు. మూసుకుంటే తెలిసిపోతుంది. చివరికి మనవరాలే తన చెయ్యి తెచ్చి నా కుడి కంటి మీద పెట్టింది.

నుదురు, కళ్లు, ముక్కు, నోరు. నోరు కొంచెం వంకరగా ఉంది. కిటికీ ఊచలు మధ్యలో వంగి ఉన్నాయి. ఇప్పటికీ ఆ కంటికి నిటారు గీతలు అలాగే వంగుతాయి. కానీ గోడ లేదు.

ఉగాదికి ముందు డాక్టరమ్మ మళ్లీ చూసింది. ఎడమ కన్ను చూసి తృప్తిగా తల ఊపింది. తర్వాత దీపం కుడి కంటి వైపు తిప్పింది. అక్కడ చాలాసేపు ఉంది. పైకి చూడమంది, పక్కకు చూడమంది, మళ్లీ పైకి చూడమంది. ఆ పొర ఇక్కడా ఒక చోట పల్చబడిందట. చిరగలేదట. చుట్టూ లేజరు పెట్టింది. పెట్టినంత మాత్రాన హామీ లేదు, రోజూ ఒక్కో కన్నూ మూసి చూసుకోవాలని, ఏ చిన్న మెరుపు కనిపించినా ఆ రోజే రావాలని చెప్పింది. అప్పటి నుంచి పళ్లు తోముకోగానే నా పని అదే. బాల్కనీలో నిలబడి, ఒక కన్ను మూసి ఎదురు బ్లాకు నీళ్ల ట్యాంకులన్నీ ఉన్నాయో లేదో చూస్తాను. తర్వాత రెండోది. మనవరాలు పళ్లపొడి నోటితో పక్కనే నిలబడి చూస్తుంది.

ఉగాది రోజు టీచరమ్మ ముందు గది నిండిపోయింది. ఆవు రోడ్డు మధ్యలో కూర్చున్న సంగతి ఆ పిల్లాడు చదివితే బాగా నవ్వారు. తర్వాత నన్ను పిలిచింది. లేచి నిలబడి, నోటుబుక్కు కుడి కంటికి దగ్గరగా పట్టుకున్నాను.

"జుగ్నూపిల్లి మసక దేశంలో ఉంటుంది. ఎడమవైపునే ఉంటుంది. మనం చూస్తే ఉండదు..."

ఇల్లు కట్టిన చోట ఎవరో చిన్నపిల్ల తల్లి ఒళ్లోకి ఎక్కింది. చివరిదాకా చదివాను. ఒక్క అక్షరం కూడా తడబడలేదు. టీచరమ్మ చప్పట్లు కొడుతూ, ఎవరైనా ఏమైనా అడగాలంటే అడగండర్రా అంది. వెనక నుంచి ఆ ఆవు పిల్లాడు చెయ్యెత్తాడు.

"అమ్మమ్మగారూ, అది ఒక్కతే ఉంటుందా? జోడీ ఉంటుందా?"

మనవరాలు నా వైపు తిరిగింది. నా ఎడమ కంటిని చూడటం లేదు అది. కుడి కంటిని చూస్తోంది.

"ఇంకా చూళ్లేదు నాయనా," అన్నాను.